నాకు తెలిసినాయన పింఛను

ఆ రోజు పొద్దున దామోదర్ పెట్టుకున్న పని ఒక్కటే. భార్య త్రివేణిని వెంటబెట్టుకొని నాచారం నుంచి ఉప్పల్ వెళ్లి, స్టూడియోలో ఇద్దరూ పక్కపక్కన కూర్చుని ఒక ఫొటో దిగి రావాలి. యూనివర్సిటీలో జాగ్రఫీ చెప్పి మొన్ననే రిటైరయ్యాడాయన. పింఛను కాగితాలకు ఆలుమగల జంట ఫొటో అడుగుతారు. పెళ్లయ్యాక మళ్లీ ఇద్దరూ కలిసి స్టూడియో గడప తొక్కే యోగం ఆ పింఛను పుణ్యమా అని పట్టింది. త్రివేణి ఏ చీర కట్టుకోవాలో తేలక బీరువా ముందు నిలబడి ఉండగా ఆమె చెల్లెలు గౌతమి ఉప్పల్ నుంచి ఫోన్ చేసింది. చేతులు ఖాళీ లేక త్రివేణి స్పీకర్ నొక్కింది.

"అక్కా, మేం నిన్ననే దిగినం ఫొటో. ఈయన సూటేసుకున్నడు. మస్తుగొచ్చింది" అంది గౌతమి. "అన్నట్టు, బావకూ ఈయనకూ ఒక్కతీర్గనే వస్తదట పింఛను. ఇద్దరూ ఒక్కనాడే జాయినైన్రు, ఒక్కనాడే రిటైరైన్రు గదా."

అద్దం ముందున్న దామోదర్ చేతిలో దువ్వెన ఆగిపోయింది.

గౌతమి భర్త మహిపాల్ దామోదర్‌కు తోడల్లుడు. అంతటితో ఊరుకున్నా బాగుండేది. అదే యూనివర్సిటీ, అదే జాగ్రఫీ డిపార్ట్‌మెంట్, పక్కపక్క గదులు. అత్తగారింట్లో ఎవరి కంచంలో ఎన్ని ముక్కలు పడ్డాయన్న దగ్గర మొదలైన పోటీ ఉద్యోగంలోకీ పాకింది. నడుమ మహిపాల్ జీతం లేని సెలవు పెట్టి, అయిదేళ్లు ఇథియోపియాలో పాఠాలు చెప్పి వచ్చాడు. ఆఫ్రికా ఖండం నైసర్గిక స్వరూపం మీద పాతికేళ్లు నోట్సు చెప్పిన దామోదర్ మాత్రం నాచారం దాటలేదు. పైగా ఆ అయిదేళ్లూ మహిపాల్ క్లాసులు కూడా ఆయన నెత్తినే పడ్డాయి. తిరిగొచ్చిన మహిపాల్ ఉప్పల్‌లో మూడంతస్తుల ఇల్లు కట్టి, దానికి లిఫ్టు పెట్టించాడు. ఏ శుభకార్యంలో కనిపించినా "మా ఇథియోపియాల..." అని మొదలుపెట్టేవాడు. మోకాళ్ల నొప్పులతో మెట్లెక్కిన ప్రతిసారీ త్రివేణి "గౌతమోళ్లకు లిఫ్టున్నది" అని ఒక నిట్టూర్పు వదిలేది.

దామోదర్‌కు కడుపు మండేది. ఇన్నేళ్లుగా ఆ మంట మీద ఆయన చల్లుకున్న నీళ్లు ఒక్క మాటే. జీతం లేని సెలవు పింఛను లెక్కలోకి రాదని ఎప్పుడో స్టాఫ్ రూములో ఎవరో అన్నారు. పోనీలే, ఇప్పుడు ఎగిరినా రేపు రిటైరయ్యాక వాడి సర్వీసులో అయిదేళ్లు కోస్తారు, అప్పుడు చూద్దాం అని ఓపిక పట్టాడు. లిఫ్టును భరించాడు. ఇథియోపియా కబుర్లను భరించాడు. ఇప్పుడు ఆ పింఛను కూడా సమానమే అంటే ఇన్నేళ్ల ఓపికా గంగలో కలిసినట్టే.

స్టూడియోలో ఫొటోగ్రాఫర్ ఎంత బతిమాలినా ఆయన ముఖంలో నవ్వు రాలేదు. పక్కన త్రివేణి మాత్రం ఆకుపచ్చ పట్టుచీరలో నిండుగా నవ్వింది. ఆ తర్వాత ఆమె మ్యాచింగ్ జాకెట్ గుడ్డ కోసం బట్టల దుకాణంలో దూరగానే దామోదర్ రోడ్డు దాటి, టిఫిన్ సెంటర్ మీది గదిలో ఉండే విశ్రాంత ఉద్యోగుల సంఘానికి మెట్లెక్కాడు. మహిపాల్‌కు కోత పడుతుందని ఎవరి నోటనైనా ఒక్కసారి వింటే చాలు. అంతకుమించి ఆయనకు ఏ దురుద్దేశమూ లేదు, ఉన్న దురుద్దేశమే సరిపోతుంది కనుక.

సంఘం అధ్యక్షుడు ఉప్పలయ్య ఒక్కడే కూర్చుని పేపరు చదువుతున్నాడు.

"అన్నా, జర ఒక డౌటు" అన్నాడు దామోదర్. "నాది కాదు. నాకు తెలిసినాయనది."

ఉప్పలయ్య పేపరు మడిచి పక్కన పెట్టాడు. ఆయన అనుభవంలో ఏ మనిషీ తన కష్టాన్ని తనదని చెప్పుకోలేదు. ప్రమోషన్ ఆగినవాడూ, కొడుకు పరీక్ష తప్పినవాడూ, మూలశంక పట్టుకున్నవాడూ అందరూ తమకు తెలిసినాయన తరఫునే వచ్చేవారు. ఇక వేరేవాడి పింఛను గురించి ఆరాటపడి, ఎండలో రోడ్డు దాటి, మెట్లెక్కి వచ్చే మనిషి ఉంటాడన్నది ఆయన ఊహకే అందని సంగతి.

"చెప్పున్రి సార్. ఏమైంది ఆయనకు?" అన్నాడు చాలా మెత్తగా.

"అయిదేండ్లు జీతం లేని సెలవు మీద బయటి దేశం పోయిండు. పాఠాలు చెప్పనీకె. ఆ అయిదేండ్లు పింఛన్ల కలువవు గదా?"

"సెలవు ఎందుకు పెట్టిన్రు, పర్మిషన్ ఎవరిచ్చిన్రు, అన్నీ సూస్తరు సార్. కొందరికి కలుస్తయి, కొందరికి కలువవు."

"కొందరి సంగతి కాదన్నా. ఈయనకు రాదు గదా?"

దామోదర్ గొంతు వణికింది. అది ఆశ. కానీ ఆశతో వణికినా దుఃఖంతో వణికినా గొంతు ఒకేలా వినిపిస్తుంది.

"రాదని ఎందుకనుకుంటున్రు సార్?"

"రాదు గదా? ఒక్కసారి రాదని చెప్పన్నా, మనసుకు నిమ్మళంగ ఉంటది."

ఉప్పలయ్య కళ్లు చెమర్చాయి. లేచి వచ్చి దామోదర్ భుజం మీద చెయ్యి వేశాడు. "గట్ల దిల్ చిన్నగ జేసుకోవద్దు సార్. మీకు తెలిసినాయనకు నా మాటగ చెప్పున్రి, ఫికర్ జెయ్యొద్దని. సంఘం ఇడిసిపెట్టదు."

"అరె, ఇడిసిపెట్టున్రి! మీరేం జెయ్యొద్దు!" అన్నాడు దామోదర్ కంగారుగా.

ఎంత అభిమానం గల మనిషి అనుకున్నాడు ఉప్పలయ్య.

సాయంత్రానికి పింఛనుదార్ల వాట్సాప్ గ్రూపులో ఆయన పెట్టిన మెసేజ్ వచ్చింది. నాచారంలో ఉండే ఒక జాగ్రఫీ ఆచార్యులకు అయిదేళ్ల సెలవు కారణంగా పింఛనుకే ఎసరు వచ్చిందనీ, తన పేరు బయటపెట్టడం వారికి ఇష్టం లేదనీ, కాబట్టి దయచేసి ఎవరూ దామోదర్ గారికి ఫోన్ చేసి బాధపెట్టవద్దనీ అందులో ఉంది.

అందరూ ఫోన్ చేశారు. మల్కాజిగిరి నుంచి ఒక పాత సహోద్యోగి తమ వీధిలో ఇంటర్ పిల్లలకు ట్యూషన్లు దొరుకుతాయన్నాడు. చెంగిచెర్ల నుంచి ఒకాయన, తమ కింది పోర్షన్ ఖాళీగా ఉందనీ, అద్దె సంగతి తర్వాత చూసుకోవచ్చనీ అన్నాడు. సొంత ఇంట్లో కూర్చున్న మనిషికి అద్దె పోర్షన్ చూపించడం దామోదర్‌కు ఒళ్లు మండించింది. కానీ ఏమని కసురుతాడు? ఆ తెలిసినాయన తాను కాదంటే మరెవరని అడుగుతారు. మహిపాల్ అని చెబితే, తోడల్లుడి పింఛను కోయించడానికి నువ్వెందుకు తిరుగుతున్నావని అడుగుతారు. ముందు నుయ్యి, వెనుక గొయ్యి. నోట్లో పచ్చి వెలక్కాయ పడ్డట్టు "ఆ... సరే... మంచిది" అంటూ ఫోన్లు పెట్టేశాడు.

అసలు ఉపద్రవం పక్కింటి లక్ష్మీనర్సమ్మ రూపంలో వచ్చింది. ఆమె గిన్నె నిండా పచ్చిపులుసు తెచ్చి, త్రివేణి చెయ్యి పట్టుకొని, "ఫికర్ జెయ్యకు త్రివేణీ, మేమంత ఉన్నం. అయిదేండ్లు పోతే పోయినయి, మనిషి ఉన్నడు, అది చాలు" అని ఓదార్చి వెళ్లింది.

త్రివేణి పులుసు గిన్నెతో సహా హాల్లోకి వచ్చింది. మామూలుగా ఆమె భర్తను "మీరు" అంటుంది. కోపం వస్తే ఆ మర్యాదను అటకెక్కిస్తుంది.

"ఏ అయిదేండ్లు పోయినయి?"

"ఏం పోలేదు."

"ఊరంత చెప్తున్రు, అయిదేండ్లు సెలవు పెట్టినవని. నాకు తెల్వకుండ ఎప్పుడు పెట్టినవ్? దినాం పొద్దుగాల డబ్బా కట్టిచ్చిన. నువ్వు బ్యాగు తగిలిచ్చుకొని పోతుంటివి. ఆ డబ్బా ఎక్కడ తిన్నవ్? ఎవరింట్ల తిన్నవ్?"

"యూనివర్సిటీలనే తిన్ననే!"

"మరి సెలవు పెట్టిందెవరు?"

"నాకు తెలిసినాయన."

"ఎవరు గా తెలిసినాయన?"

దామోదర్ నోరు తెరిచాడు. మీ చెల్లెలి మొగుడు అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. చెల్లెలంటే త్రివేణికి పంచప్రాణాలు. చెల్లెలి కూడు చెడగొట్టడానికి మెట్లెక్కాడని తెలిస్తే ఈ ఇంట్లో ఇక తన కూడే ఉండదు. నోరు మూసుకున్నాడు.

"గట్లనా" అంది త్రివేణి. ఆ పూట ఆయన కంచంలో ఉత్త అన్నం పడింది. కూర అడిగితే, "నీకు తెలిసినాయన ఇంట్ల ఉంటది, పొయ్యి తిను" అంది.

మర్నాడు పొద్దున్నే గుమ్మం ముందు కారు ఆగింది. మహిపాల్, గౌతమి దిగారు. మహిపాల్ చేతిలో ఇథియోపియా కాఫీ పొడి ప్యాకెట్. లోపలికి వస్తూనే ఆయన దామోదర్‌ను గట్టిగా కావలించుకున్నాడు.

"అన్నా, నువ్వు ఎవరి కోసం అడుగుతున్నవో లోకానికి తెల్వకపోవచ్చు. నాకు తెల్వదా?"

దామోదర్ దొరికిపోయాననుకున్నాడు.

"నువ్వు ఒక్కనాడు గూడ లాంగ్ లీవు పెట్టలె. పెట్టినోన్ని నేను" అన్నాడు మహిపాల్ గద్గదంగా. "నా పేరు బయట పడద్దని బద్నాం నీ మీద ఏసుకున్నవ్. సొంత అన్న గూడ గిట్ల జెయ్యడు."

గౌతమి చీర చెంగుతో కళ్లు ఒత్తుకుంది. "అక్కా, నిన్న ఫోన్‌ల నేను అబద్ధం చెప్పిన. ఈయన అయిదేండ్లు కలువవని ఆఫీసోళ్లు పోయిన వారమే చెప్పిన్రు. పరువు పోతదని ఒక్కతీర్గనే వస్తదని చెప్పుకుంటున్నం. బావకు ఎట్ల తెలిసిందో ఏమో!"

దామోదర్ కుర్చీలో కూలబడ్డాడు. కలవవు! ఆఫీసువాళ్లే చెప్పారట, అదీ పోయిన వారమే! తాను ఫొటో దిగకముందే, మెట్లెక్కకముందే దేవుడు ఆ పని పూర్తి చేసి పెట్టాడు. ఆయన కళ్ల నుంచి ఆనందబాష్పాలు జలజలా రాలాయి.

"సూడు, మన కోసం ఎట్ల ఏడుస్తున్నడో" అన్నాడు మహిపాల్.

త్రివేణి గబగబా వచ్చి భర్త పక్కన నిలబడింది. అటకెక్కిన మర్యాద దిగొచ్చింది. "మీ మనసు ఇంత పెద్దగుంటదని ఇన్నేండ్లు నాకు తెల్వకపాయె. ఉత్త అన్నం పెడితె గూడ మారు మాట్లాడకుంట తిన్నరు."

మధ్యాహ్నం నాటుకోడి కూర వండింది. లెగ్ పీసు దామోదర్ కంచంలో పడింది, మహిపాల్ కంచంలో మెడ పడింది. ఇటు భార్య కళ్లలో గౌరవం, అటు తోడల్లుడి పింఛనులో కోత. ఆ పూట నాచారం మొత్తం మీద ఆయనంత సుఖపడ్డ మనిషి లేడు. ఇథియోపియా కాఫీ కూడా మొదటిసారి రుచిగానే అనిపించింది.

కాఫీ గ్లాసు ఇంకా చేతిలో ఉండగానే ఉప్పలయ్య ఫోన్ చేశాడు.

"సార్, సోమవారం యూనివర్సిటీ ముంగట ధర్నా. మన దమ్మాయిగూడ యూనిట్ గూడ వస్తున్నది. బ్యానర్ కొట్టిచ్చినం. మీ ఫొటో లేకపోతె స్టూడియోకి పొయ్యి అడిగి తెచ్చినం."

"ధర్నా వద్దన్నా! బ్యానర్ వద్దు! ఆ అయిదేండ్లు పోనియ్యి!" అని దామోదర్ అరుస్తుండగానే త్రివేణి ఫోన్ లాక్కుంది.

"ఆయన గట్లనే అంటడు అన్నా, త్యాగం జేసేటోళ్లంత గట్లనే అంటరు. వస్తడు. ముంగట్నే నిలవడతడు."

చిలికి చిలికి గాలివానైన వ్యవహారం సోమవారం నాడు యూనివర్సిటీ గేటు ముందు టెంటు వేసుకుంది. బ్యానర్ మీద ఆకుపచ్చ పట్టుచీరలో త్రివేణి నవ్వుతోంది. పక్కన దామోదర్ ముఖం ముడుచుకుని ఉన్నాడు. అన్యాయానికి గురైన మనిషి ముఖం ఎట్లా ఉండాలో అచ్చం అట్లాగే ఉందని వచ్చినవాళ్లంతా మెచ్చుకున్నారు. ఉప్పలయ్య ఆయన మెడలో దండ వేసి, చేతికి మైకు ఇచ్చాడు.

దామోదర్‌కు అదే ఆఖరి అవకాశంగా తోచింది. తనను జాలిగా చూసినా సరే, మహిపాల్‌కు మాత్రం రాకూడదు. గొంతు సవరించుకుని, "నేనొక్కటే అడుగుతున్న. సెలవు పెట్టి బయటి దేశం పోయినోనికి పింఛను ఎందుకియ్యాలె?" అన్నాడు.

జనం ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఉప్పలయ్య చటుక్కున మైకు అందుకున్నాడు. "ఇన్నరా! గీ మాట సార్‌ను ఎవరో అడిగిన్రట. ఎందుకియ్యాలె అని అడిగిన్రట! మనం ఏమందాం?"

"ఎందుకియ్యరు!" అని టెంటు దద్దరిల్లింది. మహిపాల్ అందరికంటే గట్టిగా అరిచాడు.

"రూల్ అంటే రూలే!" అన్నాడు దామోదర్ మైకు లేకుండానే, శక్తి కొద్దీ.

"రూల్ మన దిక్కే ఉన్నదని సార్ అంటున్నరు!" అన్నాడు ఉప్పలయ్య. చప్పట్లు మోగాయి.

యూనివర్సిటీ వాళ్లు ఆ గోల భరించలేక, సెలవు మీద బయటి దేశం వెళ్లినవాళ్ల ఫైళ్లన్నీ చూడమని ఒక కమిటీ వేశారు. కమిటీ అంటే చాలా కాలం కూర్చుంటుందిలే అని దామోదర్ ధైర్యం చెప్పుకున్నాడు. విచిత్రం, ఆ కమిటీ తొందరగానే లేచింది. కబురందగానే మహిపాల్ కారులో వచ్చి దామోదర్‌ను ఎక్కించుకుని యూనివర్సిటీకి తీసుకెళ్లాడు. పింఛన్ల సెక్షన్ సూపరింటెండెంట్ గిరిధర్ ఇద్దరికీ కుర్చీలు చూపించాడు.

"మహిపాల్ సార్, ముబారక్. పర్మిషన్ తీసుకొని, పాఠాలు చెప్పనీకె పోయిన్రు కాబట్టి మీ అయిదేండ్లు సర్వీసుల కలుపుమన్నరు. ఒకటో తారీకు నుంచి ఫుల్ పింఛను."

మహిపాల్ లేచి దామోదర్ కాళ్లకు దండం పెట్టబోయాడు. "అంత అన్న పుణ్యమే."

దామోదర్ రెండు చేతులతో కుర్చీ పట్టుకున్నాడు. ఓర్వలేనితనంతో ఆయన చెవులు ఎర్రబడ్డాయి. సమానం. చివరికి సమానం చేసింది తన చేతులే. "సరే, నాది గూడ చెప్పు. పోదాం" అన్నాడు నీరసంగా.

గిరిధర్ నసిగాడు. "మీది ఆగింది సార్."

"ఆగుడేంది?"

"మీరు అయిదేండ్ల సెలవు మీద పోయిన్రని సంఘం అర్జీ పెట్టింది. మీ సర్వీసు పుస్తకంల సూస్తె సెలవు ఎక్కలె. అంటే పర్మిషన్ లేకుండ పోయిన్రన్నట్టు."

"నేను పోలేదయ్యా!"

"బ్యానర్ల మీ ఫొటో ఉన్నది గద సార్. పోనీ, వాపస్ వచ్చినంక ఇచ్చిన జాయినింగ్ రిపోర్టు ఉన్నదా అంటే అది గూడ లేదు."

"అసలు పోకపోతే జాయినింగ్ రిపోర్టు ఎట్లుంటది?"

"అందుకే ఆపినం సార్."

మహిపాల్ ముందుకు వంగాడు. "గిరిధర్, అన్న అడిగింది నా పింఛను గురించి. ఆయనది కాదు."

గిరిధర్ జాలిగా నవ్వాడు. "ఒకరి పింఛను కోసం ఇంకొకరు బ్యానర్ల ఎక్కుతరా సార్? గిది రాస్తె ఆడిట్‌ల నన్ను సూసి నవ్వుతరు. పోలేదని ఏదన్న రుజువు తెచ్చియ్యున్రి. ఆ అయిదేండ్లు సార్ ఈడనే ఉన్నరని డిపార్ట్‌మెంట్‌ల ఎవరన్న రాసిచ్చినా సరే."

"డిపార్ట్‌మెంట్‌ల నేనున్న గదా. నేను రాసిస్త" అన్నాడు మహిపాల్.

"మీరు అప్పుడు ఇథియోపియాల ఉన్నరు సార్" అన్నాడు గిరిధర్. ఆ తర్వాత మహిపాల్ ఫైలును ప్రేమగా నిమిరాడు. "ఏమాటకామాట, మీ కాగితాలు సూడున్రి ఎట్లున్నయో. సెలవు ఆర్డరు, పర్మిషన్, వీసా, జాయినింగ్ రిపోర్టు. ఏది అడిగితే అది ఉన్నది. ఫైలంటే గట్లుండాలె."

తిరుగు దారిలో మహిపాల్ నాచారం వచ్చేదాకా ధైర్యం చెబుతూనే ఉన్నాడు. అన్న పింఛను వచ్చేదాకా తన పింఛనులోంచి నెలనెలా సర్దుతానన్నాడు. ఆ మాట దామోదర్‌కు లిఫ్టు కంటే ఎక్కువ మండింది. ఏళ్ల తరబడి దినాం బస్సెక్కి వెళ్లి, తన పాఠాలూ వాడి పాఠాలూ చెప్పిన మనిషికి, తాను అక్కడ ఉన్నట్టు ఒక్క కాగితం లేదు. వెళ్లిపోయినవాడికి మాత్రం కట్టలు కట్టలున్నాయి.

ముప్పై ఏళ్లు దాటిన సర్వీసులో ఒక్కసారైనా లాంగ్ లీవు పెట్టి ఉండవలసిందని దామోదర్‌కు అప్పుడు బుద్ధి పుట్టింది. కానీ పెట్టడానికి ఇప్పుడు ఉద్యోగమే లేకుండా పోయింది.